పసుపు కుంకుమ చేను

దర్శి అవతల, ఫ్యాక్టరీల కోసం ప్రభుత్వం తీసుకుంటున్న పొలాల నడుమ, యలమంద మిరపకల్లం. రోజూ ఆడకూలీల మాటలతో సంతలా ఉండే ఆ కల్లంలో ఇవాళ యలమంద, అతని భార్య శివపార్వతి, చెప్పాపెట్టకుండా వచ్చి బరకం మీద కూర్చున్న చెల్లెలు కోటేశ్వరి తప్ప ఇంకో మనిషి లేడు. చెల్లెలు వచ్చిన దగ్గర్నుంచీ యలమంద ఆమె ముఖం చూడటం మానేసి మిరపకాయల ముఖం చూస్తున్నాడు.

“...అది తాలు కాదే, మంచికాయ. ఎర్రకాయల్లో వెయ్యి.”

“తొడిమ దగ్గర తెల్లబడింది అన్నాయ్. గుంటూరు యార్డులో ఒప్పుకుంటారా?”

“ఆ మాత్రం తెలుపు ఎవడికి కనపడుద్దిలే. అయినా నువ్వెందుకు కూర్చున్నావసలు? లే. వచ్చిన మనిషివి వచ్చినట్టు తాలు ఏరటానికి కూర్చున్నావ్. నలుగురూ చూస్తే ఏమనుకుంటారు?”

“నలుగురెక్కడున్నారు? కూలీలే రాలేదుగా.”

“అదే నాకూ అర్థం గావట్లా. ముఠా మొత్తాన్నీ తోలుకొస్తానని మాణిక్యమ్మ నిన్న పొద్దున కూడా చెప్పింది. పార్వతీ! ఏమే, ఒకసారి పోయి కేకేసి రా.”

“పోతాలే. ముందు కోటేశ్వరికి కాసిని కాఫీనీళ్లన్నా పొయ్యనియ్. ఎప్పుడనగా బయల్దేరిందో ఏమో.”

“ఏం వద్దొదినా. తాగే వచ్చా.”

“ఎక్కడ తాగావమ్మా?”

“తాగాలే. నువ్వెళ్లిరా, ఎండెక్కుద్ది మళ్లీ.”

శివపార్వతి కొంగు నెత్తిన కప్పుకుని ఊళ్లోకి నడిచింది.

“అన్నాయ్.”

“ఊ.”

“మొన్న ఫోను చేశా. ఎత్తలేదే?”

“చార్జింగు లేదు.”

“రింగయింది అన్నాయ్. చార్జింగు లేని ఫోను ఎట్టా రింగవుద్ది?”

“అంటే... కల్లంలో ఉన్నా. ఈ గోలలో వినపళ్లా. ఏం, పిల్లలు బాగున్నారా?”

“బాగానే ఉన్నారు.”

“పెద్దాడు ఆ చీరాల బట్టల కొట్లోనే చేస్తున్నాడా?”

“అక్కడే. అన్నాయ్, స్కూల్లో ఎంక్వయిరీ నిన్ననేనంటగా?”

“ఏ ఎంక్వయిరీ?”

“భూములకి. ఆఫీసరు వచ్చి అందరి మాటా వింటాడని పేపర్లో కూడా పడిందంట.”

“ఆ, అదా. అది వాయిదా పడింది.”

“పడిందా?”

“పడినట్టే. అంటే పెట్టారులే. పెద్దగా ఏం జరగలా. పేర్లు చదివారు, సంతకాలు తీసుకున్నారు, పోయారు.”

“వాయిదా పడ్డదానికి సంతకాలేంది?”

“ఏందే, ప్లీడరులాగా అడ్డప్రశ్నలు! నేనేం దాచలా నీ దగ్గర.”

“దాచావని ఎవరన్నారు? గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు.”

“అబ్బే, ఊరికే అన్నా. ఇదుగో, ఈ కాయ చూడు. ఎంత రంగొచ్చిందో. ఈ ఏడు కాయ బ్రహ్మాండంగా ఉంది. వదిలిపోయే ఏడాదే ఇట్టా కాయాలా అనిపిస్తోంది.”

“ఇది ఏ చేను కాయ?”

“ఆఁ?”

“బోరు పక్క చేనిదా, డొంక పక్క చేనిదా?”

“...బోరు పక్కది.”

“అంటే నాది.”

“నీదే. ఎవరు కాదన్నారు?”

“ఎవరూ కాదన్లేదుగా?”

“ఎవరంటారే! మధ్యాహ్నం పప్పుచారు పెట్టిద్దామా? గోంగూర కూడా ఉంది.”

“పెట్టిద్దువుగానిలే. ముందు నేను వచ్చిన పని చెప్పనియ్.”

“చెప్పు. చెబుతుంటే వద్దంటానా?”

“మా ఊళ్లో గౌస్ బాషా అని ట్రాక్టరు తోలతాడు. వాళ్ల చేను కాలవ తవ్వకంలో పోయింది. అప్పట్లో ఏం తెలీక, ఎక్కడ పెట్టమంటే అక్కడ సంతకం పెట్టి బోర్లాపడ్డాడు. ఆ తర్వాత కోర్టుల చుట్టూ తిరిగి తిరిగి చట్టం కంఠతా వచ్చింది. ఇప్పుడు ఎవరి పొలానికి ఎసరొచ్చినా వాళ్లింటికి పోయి మరీ చెప్పొస్తాడు.”

“పనీపాటా లేనోడు.”

“కాదు అన్నాయ్. ఏమంటాడంటే, ప్రభుత్వం పొమ్మంది గదా అని తట్టాబుట్టా సర్దుకోనక్కర్లేదంట. ఎందుకు కావాలో ముందు వాళ్లు చెప్పాలంట. ‘మేం ఇవ్వం, మాకిది తిండిపెట్టే చేను’ అని మనం చెప్పుకోవచ్చంట. ఆ మాట వాళ్లు రాసుకోవాలంట, ఆఫీసరు వినాలంట. వినకుండా ముందుకు పోతే తప్పు వాళ్లదే అవుద్దంట.”

“వింటారే. విని ఆ చెవిలోంచి వదిలేస్తారు. చెరువు మీద అలిగితే ఎవరికి నష్టం?”

“వదిలేస్తే కోర్టుంది. ఇచ్చింది చాల్లేదనుకుంటే ‘ఒప్పుకోకుండా తీసుకుంటున్నా’ అని రాసి తీసుకోవాలంట. అట్టా రాస్తే పైకోర్టుకి పోయే దారి తెరిచే ఉంటుంది. ఒప్పుకున్నానని సంతకం పెట్టామా, ఆ దారి మూసుకుపోద్ది.”

“ఊ.”

“ఏంది, ఊ? నువ్వేం పెట్టావ్?”

“ఏం పెట్టానంటే... అందరూ పెట్టిందే నేనూ పెట్టా. త్రినాథ్ చూపించిన చోట.”

“త్రినాథెవరు?”

“మన రోశయ్య కొడుకు. కంపెనీ వాళ్ల కార్లో తిరుగుతుంటాడు. ఊరికీ ఆఫీసుకీ మధ్య వాడే అన్నీ చూస్తన్నాడు. మంచి కుర్రాడే.”

“అంటే ఒప్పుకున్నావన్నమాట.”

“ఒప్పుకోక ఏం చెయ్యను? కొండని తలతో ఢీకొంటామా? సర్వే రాళ్లు పాతేశారు. ఎర్రజెండాలు కట్టేశారు. ఒక్కణ్ణీ కాదంటే పోలీసుల్ని పెడతారంట. నాకేం వయసుంది?”

“సరే. నీ చేను నీ ఇష్టం. నీది నువ్వు ఒప్పుకో. నా రెండెకరాల మాట ఏం చెప్పావ్?”

“కోటేశ్వరీ, ఆ సంచి ఇటు అందుకో.”

“అందుకుంటా. ఏం చెప్పావ్?”

“నీళ్లు కావాలా?”

“నీళ్లు నువ్వు నములుతున్నావుగా, నాకెందుకు? గౌస్ బాషా ఇంకో మాట చెప్పాడు అన్నాయ్. పట్టాలో పేరు లేకపోయినా, ఆ భూమి మీద హక్కున్నవాళ్లెవరైనా ఎంక్వయిరీలో చెప్పుకోవచ్చంట. నాకైతే కాగితం లేదు గనక, పట్టాదారు నోటితో ఒక్క మాట అనాలంట. ‘ఇందులో రెండెకరాలు మా చెల్లెలిది’ అని. ఆ ఒక్క మాటతో నేను లెక్కలోకి వస్తానంట. అది అనకపోతే ఇక నేనెవరో, ఆ చేనెవరిదో.”

“కాగితం నువ్వే వద్దన్నావుగా!”

“అన్నా. లేదంటానా? నాన్న నా పెళ్లిలో అందరి ముందూ ఆ చేని మట్టి పిడికెడు తెచ్చి పసుపూ కుంకాలతో కలిపి నా ఒళ్లో పోశాడు. ‘బోరు పక్క రెండెకరాలూ నా బిడ్డకి పసుపు కుంకుమ కింద’ అన్నాడు. మర్నాడు నువ్వేగా అన్నావ్, దర్శి పోయి రిజిస్ట్రేషను చేయిద్దాం రమ్మని. నేనే రానన్నా. అన్న దగ్గర కాగితం రాయించుకున్న ఆడపిల్ల అంటారని సిగ్గుపడ్డా. మనిళ్లల్లో ఎవరు రాయించుకున్నారు? మేనత్త రాయించుకుందా? అందరిదీ నోటిమాటేగా. రాయించుకుంటే తోడబుట్టినోణ్ణి నమ్మనట్టు గదా.”

“అదే నేనూ అంటన్నా. నమ్మకం...”

“నమ్మకం చెడలేదు అన్నాయ్ ఒక్కనాడూ. కాయలమ్మిన మర్నాడే కౌలు పట్టుకుని బస్సెక్కేవాడివి. పత్తి అంతా పచ్చపురుగు తిన్న ఏడాది కూడా వచ్చావ్. ఆ ఏడు మీ ఇంట్లో పిల్లలకి కూడా పాలు మాన్పించారంట. వదిన ఎప్పుడో చెప్పింది తర్వాత. అయినా నాకు చీరె తెచ్చావ్. ఆకుపచ్చ మంగళగిరి చీరె.”

“అవన్నీ ఇప్పుడెందుకే.”

“ఎందుకంటే నాకున్నది అదొక్కటే గనక. ఆయన పోయాక మా మరుదుల సంగతి నీకు తెలుసు. ఏ చిన్న గొడవొచ్చినా ‘నీకేంలే, పుట్టింటి చేనుంది’ అంటారు. ఊళ్లో నా పేరే రెండెకరాల కోటేశ్వరి. ఆ పేరున్నంతకాలం నన్ను ఇంట్లోంచి పొమ్మనటానికి వాళ్లకి నోరు రాదు. పోతే చేనికి పోద్దిలే, ఊళ్లో మాటొస్తదిలే అని ఊరుకుంటారు. రేపు ఆ చేను లేదనీ, దాంట్లో నా మాటే లేదనీ తెలిస్తే, నా మంచం ఎత్తి వీధిలో వేస్తారు అన్నాయ్. ఒట్టు.”

“అంత దాకా రానిస్తానా? నేను చచ్చానా?”

“అందుకే అడుగుతున్నా. చెప్పావా నా మాట?”

“...చెప్పా.”

“చెప్పావా!”

“చెప్పకుండా ఉంటానా?”

“ఏమని?”

“ఏమనంటే... ‘అయ్యా, దీంట్లో రెండెకరాలు మా చెల్లెలిదండీ’ అన్నా.”

“నా పేరు?”

“చెప్పా. కోటేశ్వరి అని. ఊరి పేరు కూడా చెప్పా. రాసుకున్నారు.”

“ఆఫీసరేమన్నాడు?”

“ఏమంటాడు, సంతోషించాడు. ‘నీలాంటి అన్న అందరికీ ఉండాలయ్యా’ అన్నాడు. మైకులోనే అన్నాడు.”

“మైకులోనా?”

“ఆఁ. నలుగురూ చప్పట్లు కూడా కొట్టారు.”

“చప్పట్లు కొట్టారా.”

“కొట్టారే! ఏం, నమ్మకం లేదా?”

“నువ్వు చెబితే నమ్మనా? అన్నాయ్, ఇంకోసారి చెప్పు.”

“దేన్ని?”

“నువ్వన్న మాట. నాకు వినబుద్ధవుతోంది.”

“ఏందీ చిన్నపిల్లలాగా. ఎండ నెత్తికెక్కుతోంది, ఇంటికి పోదాం లే.”

“ఒక్కసారి అను. నా ముఖం చూసి అను.”

“...మా చెల్లెలిదండీ, అన్నా.”

“కాయల్ని చూసి అంటున్నావ్.”

“కోటేశ్వరీ!”

“సరేలే. కళ్లెందుకు తుడుచుకుంటున్నావ్?”

“ఘాటు. మిరప ఘాటు.”

“పుట్టినప్పట్నుంచీ పీలుస్తున్న ఘాటేగా అన్నాయ్.”

“ఈ ఏడు ఎక్కువగా ఉందిలే. అదుగో, మీ వదిన వస్తోంది. ఏమే! ఒక్కదానివే వస్తున్నావేంది? ముఠా ఏది?”

“రారంట.”

“ఎందుకని? కూలి పెంచమంటన్నారా?”

“కూలి మాటే ఎత్తలా.”

“మరేంది? ఇంకెవరి కల్లానికన్నా పోయారా?”

“ఎక్కడికీ పోలా. అందరూ మాణిక్యమ్మ వాకిట్లోనే కూర్చోనున్నారు. ఊరికే కూర్చోనున్నారు. నువ్వు ఇట్టా లోపలికి రా, చెబుతా.”

“కల్లానికి లోపలేందే? ఇక్కడే చెప్పు.”

“కోటేశ్వరి ముందు చెప్పలేను.”

“చెప్పొదినా. నేనేమన్నా పరాయిదాన్నా?”

“తల్లీ, నువ్వట్టా అంటే నేను అసలే చెప్పలేను.”

“ఎవరో ఏదో వాగుంటారు. వాళ్ల మాటలు మోసుకొచ్చావా? పోనీ పొరుగూరి ముఠాని పిలిపిద్దాం. సాయంత్రం పోయి...”

“ఏమయ్యా, నిన్న స్కూల్లో ఏమన్నావ్ నువ్వు?”

“ఏమన్నా? ఏమన్లా.”

“నేను పోయి పిలిస్తే మాణిక్యమ్మ గుమ్మంలోంచే అంది. ‘తోడబుట్టినదాన్ని లేదన్నోడి కల్లంలో మేం కూర్చోం’ అంది. ఏం మాటలే అవి, నోరు అదుపులో పెట్టుకోమని నేను ఎగిరా. ‘మా మీద ఎగిరి ఏం లాభం, నీ మొగుణ్ణడుగు, మైకులో ఊరంతా విన్నాం’ అంది. అందరూ నా వంకే చూస్తున్నారు. నాకు తలకొట్టేసినట్టయింది. ఏమన్నావయ్యా?”

“అరవకే.”

“అరవట్లా. అడుగుతున్నా. నాతో నువ్వు చెప్పిందేంది? మొత్తం మన పేరు మీదే కానిచ్చి, డబ్బు చేతికొచ్చాక కోటేశ్వరిది కోటేశ్వరికి ఇచ్చేద్దామన్నావ్. ఫైలు ఆగకుండా ఉంటుందన్నావ్. సరే అన్నా. దాంట్లో నా తప్పూ ఉంది, నేను కడుక్కోవట్లా. కానీ మనిషే లేదని చెప్పావా? బతికున్న మనిషిని?”

“పార్వతీ, చెల్లెలి ముందు...”

“చెల్లెలి ముందే! ఇప్పుడు చెల్లెలని నోరెట్టా వస్తోందయ్యా నీకు?”

“ఊరుకో వదినా.”

“ఊరుకోను తల్లీ. ఈయనగారు మాటల్లో పెట్టి నిన్ను బస్సెక్కిస్తాడు. చెప్పు, ఏమన్నావ్?”

యలమంద చేతిలోని కాయల్ని బరకం మీద వదిలేశాడు. ఏ గుట్టలో పడ్డాయో చూసుకోలేదు.

“...లేరన్నా.”

“ఏందీ?”

“నీకు తోబుట్టువులెవరన్నా ఉన్నారా అని ఆఫీసరడిగాడు. లేరండీ, అన్నా.”

“అయ్యో రాత!”

“అట్టా అనాలని పోలా కోటేశ్వరీ. దేవుడి మీద ఒట్టు. నీ మాట చెప్పాలనే పోయా. పొద్దున స్నానం చేసి, చెప్పే మాట నోట్లో అనుకుంటూనే పోయా. స్కూలు గేటు దగ్గర త్రినాథ్ పట్టుకున్నాడు. ‘చెల్లెలి పేరెత్తావా, తగాదా భూమి అని రాస్తారు. నీ మొత్తం డబ్బు తీసుకుపోయి కోర్టులో కడతారు. అది నీ చేతికి రాదు, నీ మనవల చేతికొస్తది’ అన్నాడు. ‘ముందు నీ చేతికి రానీ, తర్వాత చెల్లెలికి నువ్వే ఇచ్చుకో, ఎవడొద్దన్నాడు’ అన్నాడు. నిజమే గదా అనిపించింది.”

“అనిపించుద్ది. ఎందుకనిపించదు!”

“పేరు పిలిచారు. పోయి నిలబడ్డా. ‘ఈ భూమిలో ఇంకెవరికైనా హక్కుందా? దాస్తే నేరం, అబద్ధం చెబితే కేసు పెడతాం’ అన్నాడు ఆఫీసరు. ఎవరూ లేరన్నా. అక్కడితో పోతే పోయేది. ‘మీ నాన్న పిల్లలు మీరెంతమంది? అక్కచెల్లెళ్లు, తమ్ముళ్లు ఉన్నారా?’ అన్నాడు. త్రినాథ్ పక్కనే ఉన్నాడు. ఉన్నారంటే మళ్లీ మొదటికొస్తది. లేరండీ, అనేశా. ఆ పాడు మైకు ఒకటి, నా మాట నాకే వినపడింది. తిరిగి జనం వంక చూడలా. సంతకం పెట్టి, పక్క గుమ్మంలోంచి దిగి, ఇంటికి కూడా పోకుండా ఇక్కడికే వచ్చి కూర్చున్నా. రాత్రి అన్నం కూడా సయించలా. అడుగు మీ వదినని.”

“సయించకపోతే జ్వరమనుకున్నా. మాత్ర కూడా ఇచ్చా, నా తెలివి తెల్లారినట్టే ఉంది.”

“ఇందాక అన్ని అబద్ధాలు ఎట్టా చెప్పావు అన్నాయ్? చప్పట్లు కూడా కొట్టించావుగా.”

“అదంతా... నిన్న నేను అనాల్సింది అదే. రాత్రంతా అదే అనుకుంటూ పడుకున్నా. అట్టా చెప్పుంటే, ఆఫీసరు అట్టా అనుంటే ఎట్టా ఉండేదా అని. నువ్వడిగేసరికి అది బయటికొచ్చింది. సిగ్గుతో చచ్చిపోతున్నా కోటేశ్వరీ. నాలుగు తిట్టవే. చెంప పగలగొట్టు, పడతా.”

“ఏం తిడతాను.”

“దాని బదులు నేను తిడతా. ఆడపడుచుకి పెట్టిన చేను తిని మనం బాగుపడతామా? మనకీ ఒక ఆడపిల్ల ఉందయ్యా. రేపు దాని తమ్ముడు ఇట్టానే మైకు ముందు నిలబడితే?”

“చాలు పార్వతీ. ఇక అనకు.”

“అంటా.”

“అనకు. నేను పోతున్నా.”

“ఎక్కడికి?”

“దర్శి. ఆఫీసరు ఇవాళ అక్కడే ఉంటాడని త్రినాథే అన్నాడు. ఇంకా ఎవరన్నా చెప్పుకునేవాళ్లుంటే ఈ వారంలో వచ్చి చెప్పుకోవచ్చని మైకులో అన్నారు. పోయి చెబుతా. నిన్న నేను చెప్పింది అబద్ధమండీ, నాకో చెల్లెలుంది, బోరు పక్క రెండెకరాలూ ఆమెవి, నా సంతకం కూడా నాకొద్దు, నా మాట మళ్లీ రాసుకోండి అని చెబుతా.”

“కేసు పెడతామన్నారుగా అన్నాయ్.”

“పెట్టనీ.”

“డబ్బంతా కోర్టులో కడతారన్నారుగా.”

“కట్టనీ. ఏ మనవడో తీసుకుంటాడు. మాణిక్యమ్మ గుమ్మంలోంచి అన్న మాట ఊరంతా అంటది ఇక. కల్లానికి కూలి రాదు, కాష్టానికి మనిషి రాడు. ఆ డబ్బు పెట్టుకుని ఏం చేసుకోను? పార్వతీ, నా తెల్లచొక్కా ఏది?”

“దండెం మీద ఉంది. నిజంగా పోతావా?”

“పోతానంటుంటే! నిన్న ఎంత గట్టిగా లేరన్నానో అంతకి రెట్టింపు గట్టిగా ఉందని చెబుతా. మైకు లేకపోయినా సరే.”

“అన్నాయ్...”

“ఏడవకే. ఎందుకేడుస్తావ్ ఇప్పుడు?”

“ఈ మాట కోసమే వచ్చా. పొద్దున్నుంచీ ఇక్కడ కూర్చుని నీ నోటివైపే చూస్తున్నా, ఎప్పుడంటావా అని. తిరిగిపోదామని కూడా లేచా ఒకసారి. అన్నావు. చాలు నాకు.”

“ఏం చాలు? మాటతో కడుపు నిండుద్దా? లే, నువ్వు కూడా రా. మీ గౌస్ బాషా చెప్పింది నిజమే. నేనొక్కణ్ణీ చెబితే ‘నిన్నొకటి ఇవాళొకటి చెబుతున్నాడు, వీడి మాటకి విలువేంది’ అంటారు. నువ్వు పక్కన నిలబడి ‘నేనే ఈయన చెల్లెల్ని’ అన్నావనుకో, ఇక కాదనే మగాడెవడు? పద, బస్సు టైమయింది.”

“నువ్వే పోయిరా.”

“అదేంది?”

“నేను రాకూడదు అన్నాయ్.”

“ఎందుకు రాకూడదు? ఇంత దూరం వచ్చిందానివి దర్శికి రాలేవా?”

“వెళ్లమ్మా. నేను కూడా వస్తా. ముగ్గురం పోదాం.”

“వద్దొదినా. నేను చెప్పినా ఇక నమ్మరు.”

“ఎందుకు నమ్మరు? కావాలంటే ఊరి పెద్దల్ని తీసుకుపోదాం. నీ పెళ్లి భోజనాలు తిన్నోళ్లు ఎంతమంది లేరు!”

“అన్నాయ్, నేను ఇవాళ రాలేదు. నిన్ననే వచ్చా.”

“నిన్ననా?”

“నిన్న ఎంక్వయిరీకే వచ్చా. స్కూలు వరండాలో మాణిక్యమ్మ వాళ్ల మధ్యలో కూర్చున్నా. నువ్వు లేరండీ అన్నప్పుడు అక్కడే ఉన్నా.”

“ఓరి దేవుడా.”

“మరి రాత్రి ఎక్కడున్నావే? ఇంటికన్నా రాలేదే!”

“మాణిక్యమ్మ పంచలో పడుకున్నా వదినా. పుట్టింటి గడప తొక్కటానికి కాళ్లు రాలా.”

“ఊరి ఆడపడుచు కూలిదాని పంచలో పడుకుందా! ఇంక మేం తల ఎక్కడ పెట్టుకోవాలి?”

“కోటేశ్వరీ, ఈ అన్నని క్షమించవే. నీ కాళ్లు పట్టుకుంటా. సరే, విన్నావు. విన్నావు గదా. వింటే మాత్రం ఏం? ఇప్పుడు పోయి సరిచేద్దాం. నువ్వు విన్న సంగతి ఆఫీసరుకి తెలీదుగా!”

“నువ్వు పక్క గుమ్మంలోంచి వెళ్లిపోయాక, ఇంకెవరికన్నా హక్కుంటే ముందుకు రండి అని మైకులో పిలిచారు. మాణిక్యమ్మ నన్ను లేపి తోసింది. పోయా. ‘యలమంద గారి దాంట్లో బోరు పక్క రెండెకరాలు నావండీ’ అన్నా.”

“అన్నావా! మరింకేం?”

“ఆఫీసరు కాగితాలు తిరగేసి, ‘పట్టా యలమంద పేరున ఉంది. ఆయనకి నువ్వేమవుతావమ్మా’ అన్నాడు. ‘తోబుట్టువులే లేరని ఆయన ఇప్పుడే చెప్పి వెళ్లాడు. నువ్వు చెల్లెలివైతే ఆయన అబద్ధమాడినట్టు. ఇప్పుడే కానిస్టేబుల్ని పంపించి ఆయన్ని పట్టి తెప్పిస్తా’ అన్నాడు. అక్కడే నిలబడున్నాడు కానిస్టేబులు. ఊరంతా నా నోటివంకే చూస్తోంది. నాకేమో నువ్వు చీరె పట్టుకుని బస్సు దిగేదే కళ్ల ముందు కనపడుతోంది.”

“ఏం చెప్పావ్?”

“తిట్టవుగా అన్నాయ్?”

“కోటేశ్వరీ, ఏం చెప్పావ్?”

“‘ఆయనకి నేనేమీ కానండీ’ అని చెప్పి, రాసుకున్న కాగితం మీద సంతకం పెట్టి వచ్చా అన్నాయ్.”